మోగని మెట్టు

చిల్లుపడ్డ ఇత్తడి బిందెకు మాటు వేయించుకుందామని మొన్న రెజిమెంటల్ బజార్‌కి వెళ్ళాను. మాటు వేసేవాడు కాసేపు ఆగమన్నాడు. ఊరికే నిలబడలేక పక్కనున్న పాత సామాన్ల దుకాణంలోకి తల దూర్చాను. విరిగిన కుర్చీల వెనక, గోడకు ఆనించి, ఒక ఆర్గన్ ఉంది. కాళ్ళతో తొక్కుతుంటే గాలి నిండి మోగే పాతకాలపు ఆర్గన్. మూత మీద కొవ్వొత్తి మైనం కారిన మచ్చ. కింద రెండు తొక్కుడు పలకల మీదా పాదాలు అరగదీసిన గుంటలు. ఆ గుంటలు చూడగానే దగ్గరికి వెళ్ళాను.

"అన్ని మంచిగ మోగుతయమ్మా. ఒక్కటే మోగది," అన్నాడు దుకాణదారు. నిజాయితీపరుడే.

ఏది మోగదో నేను అడగలేదు. వంగి, చీర కుచ్చిళ్ళు ఓ చేత్తో పట్టుకుని, పలకలు నాలుగుసార్లు తొక్కి, మధ్యకు కాస్త కుడివైపునున్న ఒక తెల్లమెట్టు మీద వేలు పెట్టాను. మోగలేదు. బజార్లో, పట్టపగలు, నాకు ఏడుపు వచ్చేసింది. దుకాణదారు కంగారుపడి, పాత సామానంటే గట్లనే ఉంటదనీ, దీనికి పరేషాన్ కావద్దనీ చెప్పి కుర్చీ వేశాడు.

ఆ ఆర్గన్ వాయించినాయన మా బళ్ళో ఇంగ్లీషు మాస్టారు. ఆయనకు మంచి పేరే ఉంది గానీ దాన్ని ఎవరూ వాడేవారు కాదు. బళ్ళో పిల్లలకీ, పక్కనే ఉన్న చర్చిలో వాళ్ళకీ, గేటు దగ్గర రిక్షావాళ్ళకీ ఆయన ఆర్గన్ సారే. నేనూ అలాగే రాస్తాను.

కాకినాడ నుంచి వచ్చి కొత్తగా తెలుగు టీచరుగా చేరిన రోజుల్లో స్టాఫ్ రూములో నాకు ఆయన ఎదుటి కుర్చీ ఇచ్చారు. ఎందుకు ఖాళీగా ఉందో మధ్యాహ్నానికి తెలిసింది. ఆయన దిద్దుకుంటూ కూర్చున్నంతసేపూ బల్ల కింద రెండు కాళ్ళూ తొక్కుతూనే ఉంటాయి. ఎడమ, కుడి, ఎడమ, కుడి. బల్ల ఊగుతుంది. నా టిఫిన్ డబ్బాలో మజ్జిగ తొణికి చారులోకి పోయింది. చూసి చాలా నొచ్చుకున్నారు. మర్నాటి నుంచి బల్లకు కాస్త దూరం జరిగి కూర్చుని తొక్కేవారు గానీ, మానలేదు. కొన్నాళ్ళకు ఆ కాళ్ళను చూసి ఆయన మనసు చెప్పగలిగేవాళ్ళం. నెమ్మదిగా తొక్కుతుంటే పిల్లల కాంపోజిషన్లు బాగున్నట్టు. ఆగిపోయాయంటే ఎవడో చూసి రాశాడన్నమాట.

మే నెలలో కూడా కోటు వేసుకునేవారు. కోటు జేబులో సుద్దముక్క, పెన్సిల్ ముక్క ఎప్పుడూ ఉండేవి. ఆర్గన్ ముందు కూర్చునేటప్పుడు మాత్రం బూట్లు విప్పేసేవారు. బూటుకు గాలి సంగతి ఏం తెలుస్తుందని ఆయన వాదన. మేజోళ్ళతోనే తొక్కాలి. ఒకసారి చర్చిలో ఆరాధన అయ్యాక ఏదో ఆలోచనలో మేజోళ్ళతోనే బస్టాపు దాకా వెళ్ళిపోతే, వాచ్‌మన్ బూట్లు పట్టుకుని వెనకాల పరిగెత్తాడు. ఆ మాట తీసి మేం ఏడిపిస్తే ఆయన కూడా నవ్వేవారు.

పాఠం చెప్పడంలో ఆయనకొక పద్ధతి ఉండేది. పిల్లల రీడర్లలో వాక్యాల మీద పెన్సిల్‌తో చిన్న చిన్న టిక్కులు పెట్టించేవారు. అవి ఊపిరి తీసుకునే చోట్లు. మన పిల్లలు ఇంగ్లీషు చదివేటప్పుడు మధ్యలో ఆగితే మళ్ళీ మొదలుపెట్టలేమన్న భయంతో ఒక్క దమ్మున చదివేస్తారు. వాళ్ళను ఆయన తిట్టేవారు కాదు. "జెర ఊపిరి తీస్కో నాయనా. ఇంగ్లీషు యాడికి పోదు," అనేవారు.

ఆ మాట బళ్ళో అందరికీ వర్తించేది. టైంటేబుల్ దగ్గర లెక్కల మాస్టారూ సైన్సు టీచరూ అరుచుకుంటుంటే జెర ఊపిరి తీస్కోండ్రి అనేవారు. హెడ్మిస్ట్రెస్ గారు కోపంగా వచ్చినా అదే. నేను మల్కాజ్‌గిరి నుంచి లోకల్ రైల్లో వచ్చి, స్టేషన్ నుంచి పరుగున వచ్చి గేటు దగ్గర రొప్పుతుంటే, ముందు ఊపిరి తీసుకోమనీ బెల్లు ఆగుతుందనీ అభయమిచ్చేవారు. బెల్లు ఎప్పుడూ ఆగలేదు. రిజిస్టర్లో నా పేరు పక్కన ఎర్రగీతలు పడుతూనే ఉండేవి.

ఆయన తండ్రి తిరుమలగిరిలో మిలిటరీ బ్యాండులో క్లారినెట్ ఊదేవాడట. అంతకుమించి తన గురించి ఆయన చెప్పలేదు, నేను అడగలేదు. ఎవరైనా ఇవాళ బాగా వాయించారు సార్ అంటే, తొక్కిన, గంతే అనేవారు. పాటలు మాత్రం చాలా కట్టారు. స్కూలు ప్రార్థనకు బాణీ ఆయనదే. క్రిస్మస్‌కి పిల్లల చేత పాడించేవన్నీ ఆయనవే. వాటి మీద ఆయనకు పెద్ద మమకారం కనబడేది కాదు. ఒక్క బాణీ మాత్రం ఉండేది, మధ్యాహ్నం అన్నాల తరవాత ముక్కుతో పాడుకునేది. దానికి మాటల్లేవు. ఒకచోటికి వచ్చేసరికి ఆపేసి, ఒక క్షణం ఆగి, మళ్ళీ అందుకునేవారు. ఆ ఒక్కచోటా ముక్కుతో కూడా పాడేవారు కాదు. మరిచిపోతున్నారేమో అనుకునేదాన్ని.

ఒకరోజు ఆటల పీరియడ్‌లో వచ్చి నా బల్ల ముందు నిలబడ్డారు. కోటు గుండీలన్నీ పెట్టుకున్నారు. ఏదో పెద్ద విషయమే అనుకున్నాను. సాయంకాలం ఆరాధన ముగిసేటప్పుడు పాడుకోవడానికి ఒక బాణీ కట్టాననీ, ఏళ్ళ తరబడి మాటల్లేకుండా పడి ఉందనీ, తన తెలుగు బజార్లో కూరగాయలు కొనడానికి సరిపోతుంది గానీ పాటకు సరిపోదనీ చెప్పారు. మాటలు నేను రాయాలట.

నేను భయపడ్డాను. ఏనాడూ చర్చి గడప తొక్కినదాన్ని కాదు. మా ఇంట్లో సాయంత్రమైతే దేవుడి ముందు దీపం పెట్టుకునేవాళ్ళం, మీ దేవుడికి నేనేం రాస్తాను సార్, అన్నాను.

"దీపం పెడ్తరు గద. గదే రాయండ్రి," అన్నారు. "మీ మల్కాజ్‌గిరిల సుత పొద్దు గూకుతది, మా దిక్కు సుత గూకుతది."

రాస్తానన్నాను.

ఆ సాయంత్రమే బాణీ వినిపించడానికి చర్చిలోకి తీసుకెళ్ళారు. బూట్లు విప్పి, ఒకదాని పక్కన ఒకటి సర్ది, కూర్చున్నారు. బాణీ మెల్లగా దిగుతూ వచ్చి, మళ్ళీ ఎక్కుతూ ఎక్కుతూ, అన్నింటికన్నా ఎత్తుకు చేరేచోట ఆయన రెండు చేతులూ మెట్ల మీద నుంచి ఎత్తేశారు. చర్చి అంతా నిశ్శబ్దం. కాళ్ళు మాత్రం తొక్కుతూనే ఉన్నాయి. మళ్ళీ చేతులు దించి ముగించారు. ఆగిపోయారేం సార్ అంటే, నా వేలు పట్టి తీసుకెళ్ళినట్టుగా ఒక మెట్టు చూపించి నొక్కమన్నారు. నొక్కాను. చప్పుడు లేదు. లోపల గాలికి అదిరి మోగే దాని రేకు ఎప్పుడో విరిగిపోయింది. రెజిమెంటల్ బజార్‌లో హార్మోనియాలు బాగుచేసేవాళ్ళందర్నీ అడిగారు, మద్రాసుకు కూడా రాశారు. అంత పాత ఆర్గన్‌కి సరిపోయే రేకు ఎక్కడా దొరకలేదు. మిగతా పాటలకు పక్క మెట్టు పట్టుకుని ఎలాగో దాటేసేవారు. ఈ బాణీ కట్టినప్పుడు మాత్రం ఎత్తు స్వరం వచ్చి సరిగ్గా ఆ మెట్టు మీదే పడింది. కిందికి దించి చూశారు, పైకి జరిపి చూశారు, పాట ఒప్పుకోలేదు.

ఒక్క మెట్టు మోగకపోతే మిగతా వేళ్ళు ఎందుకు ఎత్తడం అని అడిగాను. "పక్కింట్ల చావైతే మనింట్ల రేడియో బంద్ చేస్తం గద, గట్లనే," అన్నారు. తరవాత ఖాళీ బెంచీల వైపు చూస్తూ అసలు మాట చెప్పారు.

"ఆడ జనం పాడాలె టీచరమ్మా. ఆర్గన్ లేకుంట. ఇన్నేండ్ల సంది అందరు నా ఎనక నక్కి పాడుతున్నరు. నేను గట్టిగ వాయిస్తే గట్టిగ, మెల్లగ వాయిస్తే మెల్లగ. ఒక్క తానన్న వాళ్ళంతట వాళ్ళు నోరు తెరవాలె. గందుకే నోరు పూరా తెరిచే మాట కావాలె నాకు."

ఆయన అంత పొడుగు మాట్లాడగా నేను అంతకుముందు వినలేదు. ఆ ఒక్క స్వరం కోసమే ఈ మనిషి ఆ పాటను ఏళ్ళ తరబడి దాచుకున్నాడని అప్పుడు అర్థమైంది.

చాలా రాశాను, చాలా కొట్టేశాను. ఆ చోట నేను పెట్టిన మాటలన్నిటికీ ఆయన తల అడ్డంగా ఊపేవారు. పలికి చూపించి, పెదాలు మూసుకుపోతున్నాయనేవారు. చివరికి ఒక సాయంత్రం మా ఇంట్లో దీపం పెడుతుంటే తట్టింది.

పొద్దు వాలెను, దారి మరుగాయె,
దీపమై రా, మా ఇంటికి.

"రా" అన్నది ఆ మోగని మెట్టు మీద పడింది. ఆయన కాగితం చదివి, ఆ అక్షరం ముందు పెన్సిల్‌తో చిన్న టిక్కు పెట్టారు. ఇక్కడ ఊపిరి తీసుకోవాలన్నమాట. కాగితం మడిచి కోటు లోపలి జేబులో పెట్టుకున్నారు.

ఆ పాట మొదటిసారి పాడిన ఆదివారం సాయంత్రం నేను వెళ్ళి వెనక బెంచీలో, తలుపు పక్కన కూర్చున్నాను. కొత్త పాట కాబట్టి అందరూ కాగితాలు పట్టుకుని జాగ్రత్తగా పాడుతున్నారు. "దీపమై" అయింది. ఆర్గన్ సారు చేతులెత్తారు. ఆర్గన్ ఆగింది. దానితోపాటు జనమూ ఆగిపోయారు. ఒక్క గొంతు లేదు. ఎవరో దగ్గారు. ఆయన ఏమీ జరగనట్టు చేతులు దించి ముగించి, రెండో చరణం ఎత్తుకున్నారు. మళ్ళీ అక్కడికి వచ్చేసరికి చేతులెత్తారు. మళ్ళీ నిశ్శబ్దం. మూడో చరణంలో చేతులెత్తినప్పుడు, ముందు బెంచీలో కూర్చున్న ఒక ముసలావిడ, మిలిటరీ ఆసుపత్రిలో నర్సుగా చేసి రిటైరైనావిడ, ఇక ఊరుకోలేక, "రా" అంది. గొంతు వణికింది, శ్రుతి కూడా కాస్త తప్పింది. కానీ అంది. చివరి చరణానికి ఆమె చుట్టూ ఉన్నవాళ్ళూ, వాళ్ళ వెనకాలవాళ్ళూ అందుకున్నారు. ఆర్గన్ తోడు లేకుండా అన్ని గొంతులు ఒక్కసారిగా లేచాయి. ఆర్గన్ సారు వీపు మాత్రమే నాకు కనిపిస్తోంది. ఎత్తిన చేతులు దించడానికి ఆయనకు ఎప్పటికన్నా కాస్త ఎక్కువసేపు పట్టింది.

బయటికొచ్చాక ఒక సంఘపెద్ద, ఆర్గన్ మధ్యలో ఆగిపోతోందనీ, రిపేరు చేయించాలనీ అన్నాడు. చూద్దామన్నారు ఆర్గన్ సారు. నన్ను చూసి మాత్రం, పాట రాసినోళ్ళు సుత నోరు తెరవాలె అని ఎత్తిపొడిచారు. నేను పాడలేదు. నాది కాని గుడిలో నోరు విప్పడానికి నాకు బెరుకు.

తరవాత ఆ పాట ఆ చర్చికి అలవాటైపోయింది. ప్రతి ఆదివారం సాయంత్రం చివర అదే. ఆ చోట ఆర్గన్ ఆగుతుందనీ, తామే పాడాలనీ ఎవరూ ఎవరికీ చెప్పనక్కర్లేకపోయింది. మెల్లగా పాడుతూ వచ్చి, అక్కడికి రాగానే అందరూ ఊపిరి పీల్చి గొంతెత్తేవారు. ఒకసారి హార్మోనియం బాగుచేసే ఆయన ఎక్కడో పాడుబడ్డ ఆర్గన్‌లో సరిపోయే రేకు దొరికిందని సంతోషంగా బడికి వచ్చాడు. ఆర్గన్ సారు ఆయనకు చాయ్ ఇప్పించి, మర్యాద చేసి, రేకుతో సహా వెనక్కి పంపించేశారు. నేను నవ్వితే ఆయన కూడా నవ్వి, ఎవరికీ చెప్పకండ్రి అన్నారు.

రిటైరైన కొన్నాళ్ళకు ఆయనకు పక్షవాతం వచ్చింది. మాట కొంత తిరిగింది గానీ ఎడమ కాలు రాలేదు. తొక్కకపోతే ఆర్గన్ లేదు. సంఘంలో ఒక ధనవంతుడు చర్చికి కరెంటు కీబోర్డు కొనిచ్చాడు. విజయవాడ నుంచి బదిలీ మీద వచ్చిన ఒక రైల్వే క్లర్కు వాయించడానికి ఒప్పుకున్నాడు. మర్యాదస్థుడు, వాయించడం బాగా వచ్చినవాడు. పాత ఆర్గన్‌ని వెనక గదిలోకి తోసేశారు.

చూడ్డానికి నేను తిరుమలగిరిలో ఆయన ఇంటికి వెళ్ళినప్పుడు, ఆయన భార్య నన్ను వంటింట్లోకి పిలిచి మెల్లగా చెప్పింది. "చర్చికి పోయొచ్చినప్పటి సంది అన్నం సరిగ తింటలేడమ్మా. ఏమైందంటే చెప్పడు. మీకన్న చెప్తడేమో అడుగుండ్రి."

నేను అడగలేదు. వచ్చే ఆదివారం తోడు వస్తానన్నాను.

ఆ సాయంత్రం ఆయన చక్రాల కుర్చీని మధ్య దారిలో ఆపి, పక్కన బెంచీ చివర నేను కూర్చున్నాను. పాట మొదలైంది. కీబోర్డులో ఏ మెట్టూ చావలేదు కదా. "దీపమై" దగ్గర అది ఆగలేదు. "రా"ని పెద్దగా, తియ్యగా, నిండుగా అదే వాయించేసింది. జనం గొంతులు దాని కింద అణిగిపోయాయి. నేను ఆర్గన్ సారు వైపు చూశాను. ఆయన నోరు పూర్తిగా తెరిచి ఉంది. గొంతు రాలేదు.

ఆరాధన అయ్యాక ఆ సంఘపెద్దే దగ్గరికి వచ్చి, ఇప్పుడు పాటలో గ్యాపు లేదనీ, అంతా బాగు చేయించామనీ సంతోషంగా చెప్పాడు. వెటకారం కాదు, ప్రేమగానే చెప్పాడు. మంచిదన్నారు ఆర్గన్ సారు.

గేటు దాటాక కుర్చీ ఆపమని చెయ్యి ఊపారు. మాటలు వెతుక్కుంటూ, ఒక్కొక్కటే అన్నారు. "నా పాట ఖరాబు కాలే టీచరమ్మా. దాన్ని బాగుచేసిన్రు."

నాకు కోపం వచ్చింది. వెనక్కి వెళ్ళి ఆ పెద్దాయనకీ, ఆ క్లర్కుకీ అంతా వివరంగా చెప్పి వస్తానన్నాను. ఆయన కుడిచేత్తో నా కొంగు పట్టుకున్నారు.

"వద్దు. చెప్పి పాడిస్తే డ్రిల్లు అయితది. వాళ్ళకు యాదికుంటే వాళ్ళే పాడ్తరు. లేకుంటే లేదు." నా మొహంలోకి చూస్తూ అడిగారు. "ఉంటదంటరా?"

ఉంటుంది సార్ అన్నాను. నాకు నమ్మకం లేదు. ఆ సంగతి ఆయనకు తెలిసిందనే అనుకుంటాను. ఆ తరవాత ఆయన మళ్ళీ సాయంకాలం ఆరాధనకు వెళ్ళలేదు.

చలికాలంలో ఆయన పోయారు. సమాధుల తోటలో మట్టి గట్టిగా ఉంది, తవ్వేవాళ్ళు ఇంకా పని ముగించలేదు. సాయంత్రమవుతోంది. మా బడివాళ్ళం కొంతమందిమి, చర్చివాళ్ళు చాలామంది, స్వెట్టర్లు వేసుకున్న ముసలివాళ్ళు. పాస్టరుగారు వాక్యం చదివాక, సారు పాట పాడదామన్నారు. అక్కడ కరెంటు లేదు, కీబోర్డు తేలేదు. ఆ రైల్వే క్లర్కు శ్రుతి కోసం గొంతు సవరించుకుని మొదలుపెట్టాడు.

ఏడుపు గొంతులతో, సన్నగా, ఒకరితో ఒకరు కలవకుండానే మొదలైంది పాట. తోడు వాయించేది ఏదీ లేదు కాబట్టి ఎక్కడా ఏదీ ఆగబోదు. ఆ చోటు ఎలా వస్తుందో, ఎలా పోతుందో నాకు తెలుసుననుకున్నాను. పొద్దు వాలెను, దారి మరుగాయె. దీపమై.

అందరూ ఊపిరి పీల్చారు. అంతమంది ఒక్కసారి ఊపిరి పీల్చిన చప్పుడు నాకు స్పష్టంగా వినిపించింది.

"రా."

అప్పటిదాకా సన్నగా వస్తున్న గొంతులన్నీ ఆ ఒక్క అక్షరం మీద లేచాయి. ఏడుస్తున్నవాళ్ళూ పాడారు. గ్యాపు లేదని సంబరపడిన సంఘపెద్ద అందరికన్నా గట్టిగా పాడాడు, తను ఏం చేస్తున్నాడో తెలియకుండానే. ఆ తరవాతి మాట నుంచి మళ్ళీ అందరూ గొంతు తగ్గించారు. రైల్వే క్లర్కు తలెత్తి, ఏమైందన్నట్టు చుట్టూ చూశాడు. అతను ఆ చర్చిలో అది ఎన్నడూ విననివాడు.

నేను ఏడుస్తున్నాను. తన ప్రశ్నకు జవాబు వినడానికి ఆయన లేరు కదా అని నాకు దుఃఖం ఆగలేదు. ఆయన భార్య జనంలోంచి దారి చేసుకుంటూ వచ్చి నా చెయ్యి పట్టుకుంది. రెండో చరణం మొదలైంది. "దీపమై" దగ్గరికి వచ్చేసరికి ఆమె నా చెయ్యి గట్టిగా నొక్కింది. ఇద్దరం ఊపిరి తీసుకున్నాం.